అంగడియు నొక పాఠశాలయే

విద్యార్థులను వెంటబెట్టుకొని పోయి కోటలను, దేవాలయములను, ఆనకట్టలను చూపుట మన పాఠశాలలలో చిరకాలముగా నున్న యాచారము. లేపాక్షి నందిని చూడని బాలుడుగాని, పెనుకొండ కోటను చూడని బాలికగాని మన ప్రాంతమున నరుదు. ఈ యాచారమును నేను నిందింపను. కాని మనము తినెడి తిండి యెచ్చటినుండి వచ్చుచున్నదో, దానిని మన వాకిటికి చేర్చుటకై తెల్లవారకముందే యెందరు మేల్కొనుచున్నారో పిల్లలకు చూపువారు మిక్కిలి తక్కువ. సంవత్సరమున కొక్క యుదయమైనను ఉపాధ్యాయుని వెంట అంగడికి పోవుట విద్యలో భాగము కావలెనని నా యభిప్రాయము. ఈ యభిప్రాయము దృఢపడుటకు నేను చేసిన యొక తప్పు కారణమైనది. దానిని చివర విన్నవించుకొందును.

"దినదినము చూచెడి యంగడిని చూచుటకు యాత్ర యేల?" యని కొందరు నవ్వవచ్చును. వారు జపాను దేశపు వృత్తాంతము నొకింత వినవలయును. టోక్యో నగరపు చేపల అంగడి పూర్వము నిహోన్‌బాషి యనుచోట నుండెను. 1923 సెప్టెంబరు నాటి మహాభూకంపమున నది నాశనము కాగా, 1935లో త్సుకీజీ యనుచోట గొప్ప విపణి నిర్మించిరి. అది ఎనుబది సంవత్సరములకు పైగా నడచి, 2018 అక్టోబరు 11వ తేదీన టొయోసు అను స్థలమునకు మారినది. అచ్చట ఉదయము సుమారు అయిదున్నర గంటలకు ట్యూనా చేపల వేలము మొదలగును. మనిషంత పొడవుగల చేపలు నేలమీద వరుసలుగా నుండును. కొనువారు చేతిదీపము పట్టుకొని, తోకవద్ద కోసిన చోటును పరీక్షించి, మాంసపు తునకను వ్రేళ్లనడుమ నలిపి క్రొవ్వు పాలెంతయో తెలిసికొందురు. గంట మ్రోగును. వేలమువాడు పాటవలె కేక లిడుచుండ, కొనువారు వ్రేళ్ల సైగలతోనే ధర తెలుపుదురు. చూచుచుండగనే ఒక్కొక్క చేప అమ్ముడుపోవును.

దీనిని చూచుటకై దేశదేశముల జనులు నిద్ర మానుకొని, దారి చూపువానికి రుసుము చెల్లించి పోవుచున్నారు. వేలము ముగిసిన పిమ్మట చిన్న చిన్న దుకాణములలో కూర్చుండి చేపల పులుసును, వేడి యన్నము మీద పచ్చి చేప ముక్కలను రుచిచూచి వత్తురు. అయితే టొయోసులో సందర్శకులు మేడమీద అద్దముల వెనుక నిలువబడి చూడవలయును. పాత విపణిలో సందర్శకులు వేలమునకు మిక్కిలి చేరువగా పోవుచుండిరి. వారి మూక పెరిగి, కొందరు అమ్మకపు చేపలను తాకుచు పనివారి కడ్డుపడుటచే, 2008 డిసెంబరు నెలలో కొంతకాలము సందర్శకులకు వేలము చూడ నిషేధము విధింపవలసివచ్చెను. దీనివలన మనకు రెండు సంగతులు తెలియుచున్నవి. అంగడి చూడదగిన స్థలమే. కాని చూచువానికి మర్యాద తెలిసియుండవలయును.

మనది సముద్రతీరము కాదు. ట్యూనా చేపలను వేలమున చూడగోరు తెలుగు బాలుడు విశాఖపట్టణపు చేపల రేవునకు పోవచ్చును. అచ్చటను తెల్లవారుజామున పడవలు చేరును, వేలము జరుగును. తూర్పు తీరమున ఏప్రిలు 15 మొదలు జూన్ 14 వరకు, అనగా 61 దినములు, చేపలు గ్రుడ్లు పెట్టు కాలమని మరపడవల వేటను ప్రభుత్వము నిషేధించును. సముద్రమునకును సెలవులున్నవని తెలిసిన బాలుడు ప్రకృతిశాస్త్రములో నొక పాఠము నేర్చినట్లే గదా!

ఇక మన హిందూపురమునకు వత్తము. చింతపండు వేలమును చూడుడు. ఈ సరకు ముఖ్యముగా రెండు తెగలు: కరిపులి యనియు, ఫ్లవర్ అనియు వర్తకులు పిలుతురు. వేసవిలో కాయ రాల్చినది మొదలు, పెంకు తీయుట, గింజ కొట్టుట, పీచు లాగుట వరకు గల పని యంతయు చేతులతో జరుగును. ఈ పనిలో స్త్రీల చేతులే యెక్కువ. కొనువాడు పండును చిదిమి, రంగు చూచి, నాలుకపై నుంచుకొని ధర చెప్పును. టోక్యోలో చేప తునకను నలుపు వ్రేళ్లకును, ఇచ్చట చింతపండును చిదుము వ్రేళ్లకును భేదమేమి? ఎండకు నలుపెక్కకుండ ఈ పండును శీతల గిడ్డంగులలో దాచెదరు. చింత చచ్చినను పులుపు చావదందురు గాని, పులుపు నిలిచినను రంగు చెడినచో ధర చచ్చును.

ఈ వస్తువులు పుట్టిన దేశములను విచారించినచో భూగోళశాస్త్రము తానై యెదుట నిలుచును. చింతచెట్టు ఆఫ్రికాఖండమున పుట్టినది. అరబ్బు వర్తకులు దాని పండును "హిందూదేశపు ఖర్జూరము" అని తమ భాషలో పిలిచిరి. ఆంగ్లమునందలి పేరు ఆ మాటనుండియే వచ్చినది. రాగి తూర్పు ఆఫ్రికా ఎత్తుభూములనుండి, వేరుశనగ దక్షిణ అమెరికానుండి, మిరప అమెరికాఖండమునుండి మనకు చేరినవి. రాగిసంకటి, వేరుశనగ పచ్చడి, చింతపండు పులుసు! వీనికంటె మనదైన భోజన మేది? అయినను ఆ పళ్లెములో రెండు ఖండములు కూర్చుండియున్నవి. పరదేశపు వస్తువును కించపరచు బాలుడు తన పళ్లెమును తానెరుగడు.

చేపలవలె తొందరపెట్టు సరకు మన యూరనే మరియొకటి కలదు. అది తిండి కాదు, పట్టుగూడు. పురుగు గూడు కట్టిన పది పండ్రెండు దినములలో చిలుక గూటిని చీల్చుకొని వెలువడును. వెలువడినచో దారము తెగును, గూటికి విలువ పోవును. కాబట్టి రైతు రాత్రికి రాత్రి ప్రయాణము చేసి గూళ్లను హిందూపురపు మార్కెట్టుకు చేర్చును. దారము తీయువారు గూటిని చేతపట్టి, ఊపి, నొక్కి చూచి వేలము పాడుదురు. బైవోల్టిన్ అను మేలుజాతి గూటినుండి వేయి మీటర్ల వరకు దారము వచ్చును. ఈ జాతిని మన దేశమున వృద్ధిచేయుటకు 1991 మొదలు 2007 వరకు జపాను ప్రభుత్వ సహకారసంస్థ మన కేంద్ర పట్టు మండలితో కలిసి పని చేసినదని యెందరికి తెలియును? ఆ దారమే ధర్మవరపు మగ్గములపై చీర యగుచున్నది. దారము తీయగా మిగిలిన పురుగులు కోళ్లకును చేపలకును మేతగా పోవును. జపానులో వానిని వండి తినువారును కలరు.

పెనుకొండ విద్యార్థులు 1565 నాటి యుద్ధానంతరము తమ యూరు విజయనగర రాజులకు రాజధాని యైన సంగతిని కంఠస్థము చేయుదురు. విజయనగరపు వైభవ మెట్టిదో మన కెట్లు తెలిసినది? 1520 ప్రాంతమున వచ్చిన డొమింగో పేస్ అను పోర్చుగీసువాడు ఆ నగరపు అంగళ్లలో తిరిగి, ధాన్యములను, పండ్లను, పక్షులను, వాని ధరలను వ్రాసి పెట్టెను. రాజుల శాసనములు చెప్పని సంగతులను అంగడిలో నడచిన బాటసారి చెప్పెను. మన పిల్లలు నేడు వ్రాసిపెట్టు పుట రేపటివారికి చరిత్ర కావచ్చును.

ఆక్షేపణలు లేకపోలేదు. పరీక్షలకు కాలము చాలదని కొందరందురు. ఒక్క యుదయముతో చెడునట్టి చదువైనచో అది ముందే చెడినదని నా ప్రత్యుత్తరము. శాకాహారుల పిల్లలు చేపల దుకాణము ముందు నిలువవచ్చునా యని మరికొందరు. తినుమని యెవరును నిర్బంధింపరు. ఇష్టము లేనివారు కూరగాయల వరుసలో నిలువవచ్చును. కాని అన్నిటికంటె బరువైన యాక్షేపణ కష్టజీవులైన తల్లిదండ్రులు చేయునది. "మేము పడుపాట్లు పిల్లలకు చూపనేల? వారిని వానినుండి తప్పించుటకే గదా బడికి పంపుచున్నాము" అని వారి మాట. దీనికి తేలికగా బదులు చెప్పుట నాకు సాధ్యము కాదు. నా తప్పు ఇచ్చటనే యున్నది.

కొన్ని సంవత్సరముల క్రిందట ఇరువదిమంది బాలురను చింతపండు మండీకి గొనిపోతిని. పరిచయస్థుడైన వర్తకు డొకడు వేలపు పద్ధతిని చక్కగా వివరించెను. కాగితము లేకయే లెక్క కట్టు వాని చాతుర్యమును నేను మెచ్చుకొని, ఎదుట బస్తా మోయుచున్న యొక హమాలీని చూపి, "లెక్కలు నేర్వకున్న మీకును ఆ గతియే" యంటిని. బాలురు నవ్విరి. ఒక్కడు మాత్రము నవ్వక స్తంభము చాటునకు తొలగెను. ఆ హమాలీ తలయెత్తి వానిని చూచి, తలగుడ్డ కన్నులపైకి లాగుకొని, పలుకరింపకయే సాగిపోయెను. వాడు ఆయన కుమారుడు. ఆ దినము అందరును ఇడ్డెనలు తినిరి. ఆ బాలుడు ఆకలి లేదనెను.

ఆ సాయంకాలము నేను వారి యింటికి పోయి, క్షమింపుమని యడిగితిని. ఆయన చాప పరచి కూర్చుండబెట్టి, "అయ్యవారూ, మీరు చెప్పిందాంట్లో తప్పేముంది? వాడు మొయ్యగూడదనే కదా నేను మోస్తాండేది" అనెను. ఆ మాట నా మనస్సునకు ఊరట కలిగింపలేదు. ఆయన చెప్పినది తండ్రి ప్రేమ. నేను చెప్పినది తిరస్కారము. మాటలు రెండును ఒకటివలె వినబడును గాని, ఒకటి కావు.

ఆ రాత్రి ఆయనతో మాటాడుచు నేను నేర్చినది మండీలో నేర్వలేదు. బస్తా మెడపై బడగానే సరకు తడిసినదో యెండినదో ఆయనకు తెలియును. ఏ వరుస కే వైపు వాలు ఇచ్చిన కుప్ప కూలదో తెలియును. మరుసటి యేట మా బృందమునకు దారి చూపువాడుగా ఆయననే పిలిచితిని. బాలురు ఆయనను ప్రశ్నలతో ముంచెత్తిరి. ఆయన కుమారుడు అప్పటికి తరగతి మారియుండెను. ఆ బృందమున లేడు. ఉండియుండిన నెంత బాగుండెడిది! ఆ లోటు నాకు నేటికిని తీరలేదు.

కాబట్టి పైయాక్షేపణకు నా సమాధాన మిది: పిల్లలు తండ్రి కష్టమును చూచినందువలన సిగ్గుపడరు. మనము దానిని చూపు తీరువలన సిగ్గుపడుదురు. దారి చూపువాడు దేనిని పేరుపెట్టి చెప్పునో దానినే పిల్లలు చూతురు. ఆయన విడిచినది కన్నులయెదుట నున్నను కానరాదు.

ఇట్టి యాత్ర చేయదలచు పాఠశాలలకు కొన్ని నియమములను సూచించుచున్నాను. బృందము పదునైదుగురికి మించరాదు. పనివారి దారి కడ్డము నిలువరాదు. అడుగక సరకును తాకరాదు, ఫోటో తీయరాదు. రుచిచూచిన ప్రతి వస్తువునకు వెల చెల్లింపవలయును. దారి చూపువారిలో కనీస మొకరు చేతులతో పనిచేయువారు కావలెను, వారికిని ఆ యుదయపు కూలి ముట్టవలెను. మరునాడు ప్రతి విద్యార్థియు ఒక వస్తువును గూర్చి, అది పుట్టినచోటు మొదలు తన పళ్లెము వరకు, ఎవరెవరి చేతులు దాటినదో ఒక పుట వ్రాయవలెను.

హిందూపురము, పెనుకొండ, ధర్మవరము ఒకే రైలుమార్గమున నున్నవి. హిందూపురము పిల్లలు చింతపండును, పట్టుగూటిని గూర్చియు, పెనుకొండ పిల్లలు తమ కూరగాయల అంగడిని గూర్చియు, ధర్మవరము పిల్లలు మగ్గమును గూర్చియు వ్రాసి, ఆ పుటలను ఒకరికొకరు పంపుకొన్నచో ఎంత చక్కని భూగోళ గ్రంథమగును!

ప్రియ విద్యార్థులారా! రేపు మీరు టోక్యో నగరమునకు పోయి అద్దము వెనుకనుండి ఆ గొప్ప వేలమును చూచు భాగ్యము మీకు కలుగుగాక. కాని అంతకుముందు మన యూరి యంగడికి ఒక్క తెల్లవారుజామున పొండు. అచ్చట మీకు తెలిసిన ముఖ మొకటి బస్తా క్రింద కనబడినచో, ఎవరు చూచుచున్నను సరే, ముందుగా మీరే పలుకరింపుడు.