కూలివాని పాటకు కాపెవరు?

పాటలు వేసెడి రేడియో వలన ఒక జాతికి ఒరిగెడిదేమియని ప్రశ్నించు పెద్దలు అన్ని దేశములందును కలరు. అమెరికా సంయుక్త రాష్ట్రములలో నివసించుచున్న మెక్సికనుల విషయమున ఈ ప్రశ్న రెండు నోళ్ళనుండి వెలువడుచున్నది. దినమెల్ల స్పానిషు పాటలు వినుచుండినచో వీరు మన భాష యెన్నడు నేర్తురని ఇంగ్లీషువారిలో కొందరు కినియుచున్నారు. ఇవి పొలముగట్ల పాటలు, సారా దుకాణముల పాటలు, వీనివలన మన మర్యాద పోవుచున్నదని మెక్సికనులలోనే చదువుకొని పట్నవాసపు నాగరికత యబ్బినవారు కొందరు తల వంచుకొనుచున్నారు. మొదటివారు పాటకు భయపడుచున్నారు. రెండవవారు పాటకు సిగ్గుపడుచున్నారు. పొరుగు భాషల రాష్ట్రములలో తరతరములుగా కాపురమున్న మనకు ఈ రెండు నోళ్ళును క్రొత్తవి కావు. కావున వారి వ్యవహారమును కొంచెము తరచి చూతము.

ముందుగా ఆ సంగీతమెట్టిదో తెలియవలెను. రేడియో వ్యాపారులు “మెక్సికను ప్రాంతీయ సంగీతము” అని ఒకే చీటి అంటించినను, ఆ మూటలో సరుకులు పెక్కు కలవు. సినలోవా రాష్ట్రపు ఇత్తడి వాద్యముల మేళము “బాండా”. ఉత్తర సరిహద్దున అకార్డియనుతోను, పండ్రెండు తీగెల బాహో సెక్స్‌తోతోను పాడెడిది “నోర్టేన్యో”. పల్లెటూరి బ్రదుకునుండి పుట్టినది “రాంచేరా”. వీరుల కథలను, దొంగల కథలను, వలసపోయినవారి కడగండ్లను పాటగా కట్టి చెప్పెడిది “కొర్రీడో”. ఇందలి అకార్డియను 19వ శతాబ్దమున టెక్సాసునకును ఉత్తర మెక్సికోకును వలసవచ్చిన జర్మనులు, చెక్కులు తెచ్చినది. వారి పోల్కా తాళము నేటికిని అందు మ్రోగుచున్నది. పొరుగువాని వాద్యమును అందుకొని తన మాటలతో పాడుకొనువానిని, వీడు మనలో కలియడని నిందించుట యేపాటి న్యాయము?

ఈ పాట రేడియోకు ఎక్కిన విధము వర్తకులు ప్రత్యేకముగా వినదగినది. 1920వ దశకము చివరను లాస్ ఏంజిలిసు నగరములోని స్టేషనులన్నియు ఇంగ్లీషువారి యాజమాన్యమున నుండెను. తెల్లవారుజామున నాలుగు గంటలకు వినువారుండరనియు, ప్రకటనకర్తలు రారనియు తలచి, ఆ వేళను వారు కారుచౌకగా అమ్మివేసెడివారు. వారు చెల్లని సరుకని త్రోసివేసిన ఆ వేళను మెక్సికనులు కొనిరి. ఏలయనగా కూలివాడు లేచునది ఆ వేళకే. పెద్రో గొంజాలెజ్ అను గాయకుడు “లోస్ మద్రుగదోరెస్”, అనగా తెల్లవారకమున్నే లేచువారు, అను పేర ఒక బృందమును కూర్చి పాడెను. పాటల నడుమ పని యెచ్చట దొరకునో చెప్పెను. 1930వ దశకమున మెక్సికనులను గుంపులుగా దేశమునుండి పంపివేయుచుండగా దానిని బహిరంగముగా ఖండించెను. 1934లో అతనిపై అత్యాచార నేరము మోపి, ఏబది యేండ్ల వరకు శిక్ష విధించిరి. ఫిర్యాది చేసిన బాలికయే తరువాత తన మాట వెనుకకు తీసికొన్నను న్యాయస్థానము చెవినిడలేదు. 1940లో అతనిని చెరనుండి విడిచి, మెక్సికోకు పంపివేసిరి. అతడు నిర్దోషియని మెక్సికను జనము నాడే నమ్మినది. పాట వట్టి కాలక్షేపమనువారు ఈ చరిత్రకు సమాధానము చెప్పవలెను.

అద్దె కొట్టునకును స్వంత కొట్టునకును గల భేదము వ్యాపారము చేసినవానికి వివరింప నక్కరలేదు. పరుల స్టేషనులో గంట చొప్పున వేళ కొన్నవానిని, యజమాని కన్నెఱ్ఱ చేసిన నాడే వీధిలో నిలువబెట్టవచ్చును. ఈ సత్యమును గ్రహించి టెక్సాసులోని శాన్ ఆంటోనియో నగరమున రౌల్ కోర్తెజ్ 1946లో కేసీఓఆర్ అను స్టేషనును నెలకొల్పెను. మెక్సికన్ అమెరికనుల యాజమాన్యమున, పూర్తిగా స్పానిషు భాషలో నడచిన మొదటి స్టేషను అదియే.

కేవలము పట్టణముల మాటయే కాదు. వాషింగ్టను రాష్ట్రమున యాకిమా లోయ యనునది ఆపిలు తోటలకును, చెర్రీ తోటలకును ప్రసిద్ధి. అచ్చటి కాయ కోసెడి చేతులలో అధికభాగము మెక్సికను కూలీల చేతులు. ఆ లోయలో గ్రాంజర్ అను చిన్న యూరినుండి 1979 డిసెంబరు 19వ తేదీన రేడియో కేడీఎన్ఏ ప్రసారములు మొదలిడెను. “కూలివాని గొంతు” అని దాని బిరుదు. రోసా రామోన్, రికార్డో గార్సియా మొదలైనవారు దాని స్థాపకులు. స్త్రీయైన రోసా రామోన్ దానికి మేనేజరు. ఆ దినములలో స్త్రీ చేతికి స్టేషను పెత్తనము వచ్చుట అరుదు. కూలీలకు పరిచితమైన పాటలు వేయుచు, ఆ పాటల నడుమ కూలి హక్కులు, పురుగుమందుల ప్రమాదము, ఆరోగ్యము, బడి విషయములు వారి భాషలో చెప్పెడివారు. వలస అధికారులు దాడికి వచ్చిరని తెలిసినపుడు ఒకానొక పాటను సంకేతముగా వేసెడివారు. ఆ పాట వినిన తోటలకు సంగతి తెలిసెడిది. పాట విడువక విన్నవాని చెవికే వార్తయు చేరును. ఉపన్యాసములు మాత్రమే ప్రసారము చేసినచో అలసిన కూలివాడు మీట త్రిప్పివేయును. అంతట హెచ్చరికయు గాలిలో కలిసిపోవును. పాటను ఈసడించు విద్యావంతులు ఈ చిన్న విషయమును మరచుచున్నారు.

ఇంకొక నిదర్శనము చూడుడు. కాలిఫోర్నియాలోని శాంటా రోసా నగరమున 1973లో కేబీబీఎఫ్ అను ద్విభాషా స్టేషను వెలసినది. 2017 అక్టోబరులో ఆ ప్రాంతమున కార్చిచ్చు చెలరేగి, ఇండ్లకు ఇండ్లే బూడిద యయ్యెను. ఏ వీధివారు ఎటు పోవలెనో ఇంగ్లీషు రానివారికి వారి భాషలో చెప్పుటకు ఈ చిన్న స్టేషను పూనుకొన్నది. ఆ సొనోమా జిల్లాతో పాటు మరి రెండు జిల్లాలలోని అధికారులు, ఇంగ్లీషు రానివారిని హెచ్చరించుటకు తగిన యేర్పాట్లు చేయలేదని కాలిఫోర్నియా రాష్ట్రపు ఆడిటరే 2019లో నివేదించెను. ఇంగ్లీషు నేర్చుకొనుడని వలసవానికి హితము చెప్పవచ్చును. కాని అగ్ని, వాడు నేర్చుకొను వరకు వేచియుండదు.

వేరుపడుదురను భయమునకు 2006వ సంవత్సరమే ప్రత్యుత్తరము. అనుమతి లేక దేశములో నుండుటయే మహాపరాధముగా నెంచెడి బిల్లును అమెరికా ప్రతినిధుల సభ 2005 డిసెంబరులో ఆమోదించెను. దానికి ప్రతిగా 2006 మార్చి 25న లాస్ ఏంజిలిసులో సుమారు ఐదు లక్షలమంది ఊరేగిరి. జనమును కూర్చినవారిలో ముఖ్యులు ఉదయపు పాటల కార్యక్రమములను నడపెడి ప్రసారకులు: పియొలీన్ అను పేర ప్రసిద్ధుడైన ఎడ్వర్డో సొతెలో మొదలైనవారు. తెల్లని దుస్తులు ధరింపుడు, శాంతముగా నడువుడు, అమెరికా జెండా చేతబూనుడు అని వారు స్పానిషు భాషలో చెప్పిరి, జనము పాటించెను. ఆ బిల్లు చట్టము కాలేదు. తమ భాషలో పిలుపు విని, తాము నివసించు దేశపు జెండా పట్టుకొని నడచిన ఈ జనమును వేర్పాటువాదులనుటకు నోరెట్లు వచ్చును?

ఇక సిగ్గుపడువారికి లెక్కలలోనే జవాబు కలదు. లాస్ ఏంజిలిసులో కేఎల్ఏఎక్స్ అను స్టేషను 1992లో రాంచేరా, బాండా పాటలకు మారి, ఆ యేటి చివరి శ్రోతల గణనలోనే నగరములోని ఇంగ్లీషు స్టేషనులన్నిటిని దాటి ప్రథమస్థానమున నిలిచెను. అయినను శ్రోతలున్న చోటికెల్ల ధనము రాలేదు. నల్లవారి స్టేషనులకును స్పానిషు స్టేషనులకును ప్రకటనలు ఈయవలదని కొన్ని కంపెనీలు తమ ఏజెంట్లకు ఆదేశించుచుండిరని, శ్రోతలెందరున్నను ఆ స్టేషనులకు ఆదాయము తక్కువగానే వచ్చుచున్నదని, ప్రభుత్వ ప్రసార సంఘము చేయించిన పరిశోధన 1999లో వెల్లడించెను. కూలివాని చేతి డాలరు కావలెను. వాని చెవి మాత్రము అక్కరలేదు! ఇది ధర్మమునకే కాక వ్యాపారమునకును విరుద్ధము.

ఒక ఆక్షేపణలో మాత్రము పస కలదు. మత్తుపదార్థముల ముఠానాయకులను కీర్తించెడి కొర్రీడోలు నేడు కొల్లలుగా వచ్చుచున్నవి. వానిని సమర్థింప నెవ్వరును పూనుకొనరాదు. కాని యే పాట వేయవలెను, ఏది మానవలెను అనునది యజమాని చేతిలోని పని. యజమాని ఊరివాడైనచో తల్లులు వచ్చి నిలదీయుదురు. ఎచ్చటనో దూరమున నున్న కంపెనీకి శ్రోతల సంఖ్య తప్ప వేరు ధర్మము లేదు. 1996లో అమెరికా ప్రభుత్వము, ఒక కంపెనీ దేశమంతటను ఇన్ని స్టేషనులకు మించి యుంచుకొనరాదను కట్టడిని తీసివేసెను. అటుపిమ్మట స్టేషనులు సంతలో పశువులవలె చేతులు మారినవి. యూనివిజన్ కంపెనీ 2003లో హిస్పానిక్ బ్రాడ్‌కాస్టింగ్ అను పెద్ద సంస్థను కలుపుకొనెను. 2022లో 18 స్టేషనులను ఆరు కోట్ల డాలర్లకు వేరొకరికి అమ్మజూపెను. ఈ బేరములలో శ్రోతను అడిగినవారెవరు?

ప్రభుత్వపు గ్రాంటును నమ్ముకొన్నవారి గతియు చూచితిమి. ఫ్రెస్నో నగరమున 1980 జూలై 4న రేడియో బిలింగ్వె వెలసినది. దాని స్థాపకుడు ఊగో మొరాలెస్ బాల్యమున తోటలలో కూలిచేసి, హార్వర్డులో న్యాయశాస్త్రము చదివినవాడు. అతని పుట్టుక మెక్సికోలోని ఆదివాసులగు మిస్తెకులలో. కావుననే ఆ రేడియోలో స్పానిషుతో పాటు మిస్తెకు భాషకును చోటు దొరకినది. తనకంటె చిన్న భాషకు పీట వేసిన అల్పసంఖ్యాకుల సంస్థ నిజముగా పెద్దది. ఇట్టి స్టేషనులకు ఏటేట సహాయము చేయుచుండిన ప్రజా ప్రసార కార్పొరేషనునకు కేటాయించిన 110 కోట్ల డాలర్లను 2025 జూలైలో అమెరికా చట్టసభ రద్దుచేసెను. దశాబ్దముల ఆసరా ఒక్క వోటుతో కూలిపోయినది.

కావున తేలిన లెక్క యిది. పరుల యాజమాన్యము ఒకనాడు గెంటివేయును. పెద్ద కంపెనీ ఒకనాడు అమ్మివేయును. ప్రభుత్వము ఒకనాడు చేయి విడుచును. మిగిలినవారు ఇద్దరే: పాట వినెడి కూలివాడు, ఆ కూలివానికి సరుకమ్మెడి చిన్న వర్తకుడు. రొట్టెల కొట్టువాడు, టైర్ల దుకాణదారుడు, ఊరికి సొమ్ము పంపెడి కచేరీవాడు తన లాభములో నెలకొక చిన్న పాలు ప్రకటన రూపమున ఇచ్చినచో అది దానము కాదు, తన గిరాకీదారు బ్రదుకునకు పెట్టిన పెట్టుబడి. శ్రోతలు శక్తికొలది చందా ఈయవలెను. విద్యావంతులు సిగ్గు విడిచి స్టేషను పాలకవర్గమున కూర్చుండి, లెక్కలు సరిచూచి, మంచి పాటను నిలిపి చెడ్డ పాటను త్రోయవలెను. ఎత్తిపొడుచుటకు నోరున్నవారికి మోయుటకు భుజమును ఉండవలెను గదా.

తెల్లవారుజామున నాలుగు గంటలకు లేచువాడు ఈ సంగీతమును నూరేండ్లుగా మోసినాడు. వాని చెమటతో పండిన ఆపిలు రుచి చూచెడి దేశము వాని పాటను వినలేకున్న వినకపోనిండు. కాని వాని భాషవారే దానిని దిక్కులేనిదానిగా విడిచినచో, రేపు ఆ దొడ్డినుండి వారికి వినవచ్చునది నిశ్శబ్దము. ఆ నిశ్శబ్దమునకు అటుపిమ్మట ఎన్ని చందాలు పోసినను ఫలముండదు.