గిటారు తగిల్తే డప్పు మైలపడుతదా?

హుజూరాబాద్ దిక్కు మన వాడల పోరగాండ్లు రెండో పాటల ఆల్బం యూట్యూబుల పెట్టిండ్రు. మొదటిదాంట్ల డప్పు, గజ్జెలు, గొంతు, అంతే. ఈసారి గిటారు, డ్రమ్ములు, కీబోర్డు కలిపిండ్రు. ఇగ లొల్లి మొదలైంది. "మీ అసలుతనం పోయింది, డప్పును ఖరాబు చేసిండ్రు" అని ఒక పెద్దమనిషి సభల్నే అన్నడు. ఆయనింట్ల పెండ్లికి సన్నాయి వస్తది, బ్యాండు వస్తది. డప్పు కోసం వాడకు మనిషిని తోలేది పీనుగ లేసేనాడే.

అన్నలారా, అక్కలారా! ఈ అసలుతనం ఎవరికి కావాలె?

మా నాయిన పాడె ముందట డప్పు కొట్టిండు. చలిల, వానల గడ్డి మంట పెట్టి డప్పు కాపి, ఊరి బయటిదాక నడిసిండు. ఇచ్చింది మానెడు జొన్నలు, ఒక్కోసారి అదీ లేదు. సిర్రా సిటికెనపుల్లా పట్టి ఆయన వేళ్లు వంకరపోయినయి. నేను బడిల ఆ సంగతి ఎవరికీ చెప్పకపోయేది. డప్పు ఎట్ల ఉండెనో అట్లనే ఉండాలె అనేటోళ్లు ఆ ఎట్టిని గూడ అట్లనే ఉంచుమంటున్నరా? 1972ల పుట్టిన జననాట్యమండలి జానపదుల బాణీలు తీస్కొని మాటలు మార్చింది. గద్దరన్న వేదికెక్కి ఆడి పాడితే డప్పుకు కొత్త తావు దొరికింది. మార్చకుంటే మనం ఇంకా పాడె ముందటనే ఉంటుంటిమి.

ఇంకో ముచ్చట చెప్త. జమైకా అనే దీవి ఉన్నది. ఆఫ్రికా నుంచి బానిసలుగ పట్టుకొచ్చినోళ్ల బిడ్డలే అక్కడ ఎక్కువ. కింగ్‌స్టన్ పట్నంల ట్రెంచ్‌టౌన్ అని పేదల వాడ. ఆ వాడల కలిసి పాడిన బాబ్ మార్లే, పీటర్ టోష్, బన్నీ వైలర్‌ల బృందం వైలర్స్. శోకం పెట్టేటోళ్లు అని అర్థం. ఐలాండ్ కంపెనీ యజమాని క్రిస్ బ్లాక్‌వెల్ వాళ్ల పాటలను లండన్ల మళ్లొకసారి దిద్దించిండు. రాక్ వినే తెల్ల పిల్లల చెవికి ఇంపుగ ఉండాలని గిటారు, కీబోర్డు ఎక్కించిండు. 1973 ఏప్రిల్ల 'క్యాచ్ ఎ ఫైర్' వచ్చింది. అదే ఏడు అక్టోబర్ల ఆ కంపెనీకి రెండోది, 'బర్నిన్'. దాంట్ల ఆ నగిషీ తగ్గింది. వాళ్ల రాస్తా కూటాల చేతి డోళ్ల పాట వచ్చింది. హక్కుల కోసం లేసి నిలబడుమనే పాట గూడ అండ్లదే. అంటే గిటారు వచ్చిందని డోలు ఏడికీ పోలే.

పోయింది వేరే. రెండో ఆల్బంల షెరీఫును కాల్చిన పాటను ఎరిక్ క్లాప్టన్ అనే తెల్ల గిటారిస్టు 1974ల పాడితే అమెరికాల మొదటి స్థానానికి ఎక్కింది. వైలర్స్ నోట ఆ పాటకు అంత గిరాకీ రాలే. (రాసినోడిగ మార్లే పేరైతే ఉండె, అబద్ధమెందుకు.) అదే క్లాప్టన్ 1976ల బర్మింగ్‌హామ్ వేదిక మీద, వలసొచ్చిన నల్లోళ్లను ఎల్లగొట్టాలనే ఈనాక్ పవెల్‌కు వత్తాసు పలికిండు. పాట కావాలె, పాడినోని జాతి వద్దు! మన డప్పు దరువు సినిమాకు కావాలె, డప్పు కొట్టేటోడు కిరాయికి ఇల్లడిగితే మాత్రం కులం అడుగుతరు. 2021 ఉపఎన్నికల హుజూరాబాద్ల ఊరేగింపులు చూసినోళ్లకు ఇది కొత్తగ చెప్పాల్నా?

ఇంకోటి. ఆ రెండు ఆల్బంల మీద 'వైలర్స్' అనే ఉండె. టోష్, బన్నీ ఎల్లిపోయినంక 1974ల వచ్చిన దాని మీద 'బాబ్ మార్లే అండ్ ద వైలర్స్' అని పడ్డది. ముగ్గురి పేరు ఒక్కని ఎనుకకు జరిగింది.

మన పోరగాండ్లతోని నా పంచాయితి ఇక్కడున్నది. మొదటి ఆల్బంల గడీ అన్నరు, దొర అన్నరు, బాయికాడ నీళ్లు ముట్టనియ్యని కులాన్ని పేరు పెట్టి పిలిసిండ్రు. రెండోదాంట్ల ఎతికి ఎతికి చూసిన, ఒక్క కులం పేరు లేదు. మనుషులమంతా ఒక్కటేనట! ఏ ఊర్లె ఒక్కటి తమ్మీ? స్టూడియో ఆయన గట్ల రాయమన్నడని ఒక పోరడే నాతోని ఒప్పుకున్నడు. పాట కింద స్టూడియో పేరుంది, గిటారిస్టు పేరుంది, కీబోర్డు కొట్టినోని పేరుంది. డప్పు కొట్టిన ఇద్దరి పేర్లు లేవు. పైసలు ఎంత ముట్టినయో అడిగితే నవ్విండ్రు.

వచ్చే నెల సభకు ఆ బృందాన్ని పిలుస్తున్నం. గిటారు తప్పక తెచ్చుకోమన్నం. పాటకు ముందు ఆ ఇద్దరు డప్పు కళాకారులు మైకు పట్టుకొని తమ పేర్లు చెప్తరు.