ఏ విలువకు పెద్దపీట?

‘ఈ కాలంలో విలువలు నశించిపోతున్నాయి’ అని మనం తరచూ వాపోతుంటాం. ఏ విలువలు అని ఎవరైనా నిలదీస్తే మాత్రం తడబడతాం. ఈ ప్రశ్నకు సమాధానం కోసం మనస్తత్వ శాస్త్రవేత్తలు దశాబ్దాల తరబడి శ్రమించారు.

అమెరికా శాస్త్రవేత్త మిల్టన్ రోకీచ్ 1973లో వెలువరించిన గ్రంథంలో విలువలను రెండు తెగలుగా విభజించారు. మనిషి చేరదలచిన గమ్యాలు 18, అందుకు అవసరమైన నడవడికలు 18. ఈ విలువలు మీలో ఉన్నాయా అని ఆయన అడగలేదు. ప్రాముఖ్యాన్నిబట్టి వాటిని వరుసలో పెట్టమన్నారు. నిజాయితీ వద్దనే వారెవరుంటారు? దానిని ఎన్నో మెట్టుపై ఉంచామన్నదే అసలు సంగతి.

జెరూసలేంలోని హీబ్రూ విశ్వవిద్యాలయ ఆచార్యుడు షాలోమ్ ష్వార్ట్జ్ 20 దేశాల్లో పరిశీలన జరిపి, 1992లో పది రకాల విలువలను ఒక చక్రంలో అమర్చి చూపారు. పక్కపక్కన ఉన్నవి ఒకదానికొకటి తోడ్పడతాయి. ఎదురెదురుగా ఉన్నవి ఘర్షణ పడతాయి. పరుల మేలుకు ఎదురుగా అధికార కాంక్ష, సొంత విజయం ఉంటాయి. స్వేచ్ఛకు, కొత్తదనానికి ఎదురుగా భద్రత, సంప్రదాయం, కట్టుబాటు ఉంటాయి.

మన ఇళ్లలో జరిగే వాదనలు సరిగ్గా ఇవే కదా! అమ్మాయికి దూరపు ఊళ్లో కాలేజీ సీటు వస్తుంది. తండ్రి భద్రత అంటాడు. కూతురు నా చదువు, నా నిర్ణయం అంటుంది. ‘దీనికి విలువలు లేవు’ అని ఆయన, ‘నాన్న మూర్ఖుడు’ అని ఆమె అనుకుంటారు. నిజానికి అక్కడ విలువలు లేనివారు ఎవరూ లేరు. రెండు మంచి విలువలు ఎదురుపడ్డాయి, అంతే. ఈ సంగతి గ్రహిస్తే తిట్లు ఆగి, మాటలు మొదలవుతాయి. హాస్టల్ చూసి రావడమో, వారం వారం ఫోను చేయడమో, ఏదో ఒక దారి దొరుకుతుంది.

మరో మాట. ష్వార్ట్జ్, అనట్ బార్డీ 2001లో ప్రచురించిన పరిశోధన ప్రకారం, అనేక దేశాల ప్రజలు తమవారి మేలు కోరడానికి అగ్రస్థానమిచ్చారు. అధికారాన్ని అడుగున ఉంచారు. మనమూ నోటితో ఇదే చెబుతాం. కానీ బడి నుంచి వచ్చిన బిడ్డను ‘ఎన్ని మార్కులొచ్చాయి?’ అనే అడుగుతాం. ‘ఈ రోజు ఎవరికి సాయపడ్డావు?’ అని అడగం. పిల్లలు మన ఉపన్యాసాన్ని కాదు, మన ప్రశ్నల వరుసను నేర్చుకుంటారు.

ఈ రాత్రి భోజనాలయ్యాక ఇంటిల్లిపాదీ తలా ఒక కాగితం తీసుకుందాం. ముఖ్యమనుకున్న ఐదు విలువలు వరుసగా రాసుకుందాం. కాగితాలు మార్చుకుని చదువుదాం. విలువలు నశించాయో లేదో అప్పుడు చెప్పుకోవచ్చు.