ఇంటి తనఖా: అసలును మించు వడ్డీ

ఇల్లు కట్టి చూడు, పెండ్లి చేసి చూడు అను సామెత పుట్టిన కాలమున గృహస్థుని కష్టము కప్పు పడువరకే. ఇటుక, సున్నము, కలప సమకూర్చుకొని యిల్లు లేపినవాడు గృహప్రవేశమునాటికి ఊపిరి పీల్చుకొనెడివాడు. నేడు చాలమందికి గృహప్రవేశమునాడే భారము మొదలగుచున్నది. ఖమ్మమునను, కొత్తగూడెమునను ఉద్యోగులు, వర్తకులు, భూవసతిగల రైతులు ఇండ్లకొఱకు బ్యాంకులనుండి దీర్ఘకాలపు ఋణములను పుచ్చుకొనుచున్నారు. వీరు సాధారణముగా రెండు ప్రశ్నలు వేయుదురు: వడ్డీ యెంత? నెలవాయిదా యెంత? మూడవ ప్రశ్న యొకటి కలదు. అప్పు తీరునప్పటికి మన చేతినుండి మొత్తముమీద పోవున దెంత? ఈ మూడవదానిని అడుగువారు అరుదు. అన్నిటికంటె ముఖ్యమైనది అదియేయని మా యభిప్రాయము.

లెక్క చూతము. ఒక గృహస్థుడు ఇంటి దస్తావేజులను కుదువబెట్టి 25 లక్షల రూపాయలను సాలుకు 9 శాతము వడ్డీకి, 20 సంవత్సరముల గడువుతో పుచ్చుకొనెననుకొందము. నెలవాయిదా సుమారు 22,493 రూపాయలగును. మొదటి వాయిదాలో 18,750 రూపాయలు వడ్డీక్రింద పోయి, అసలుక్రింద జమపడునది 3,743 రూపాయలు మాత్రమే. అయిదేండ్లు తప్పక కట్టినవాడు 13 లక్షల 49 వేలకు పైగా చెల్లించియుండును. అసలులో తీరినది 2 లక్షల 82 వేలు. పదియేండ్లు నిండునప్పటికి చెల్లించినది 26 లక్షల 99 వేలు. అనగా తెచ్చినదానికంటె ఎక్కువ కట్టినాడు. అయినను 17 లక్షల 75 వేలు ఇంకను బాకీయే. అసలులో సగము తీరుటకు పదునాలుగేండ్లు పట్టును. 240 వాయిదాలును ముగిసిననాడు అతడు కట్టినది దాదాపు 53 లక్షల 98 వేలు. అందు వడ్డీయే 28 లక్షల 98 వేలు.

ఇందు లెక్కతప్పు లేదు. మిగిలియున్న అసలుపై నెలనెలా వడ్డీ కట్టుట న్యాయమే. మొదట అసలు పెద్దది కనుక వాయిదాలో అధికభాగము వడ్డీయే మ్రింగును. కాని యీ సంగతి తెలియక అయిదాఱేండ్లు కట్టి, సగము తీరియుండునని తలంచి బ్యాంకునకు పోయి బాకీ చీటీ చూచి దిగ్భ్రమ చెందువారు లేకపోలేదు.

ఇక గడువు మాట. పై ఋణమునే 15 సంవత్సరములలో తీర్పదలచినచో వాయిదా 25,357 రూపాయలు. మొత్తము వడ్డీ 20 లక్షల 64 వేలు. నెలకు 2,864 రూపాయలు అదనముగా భరించినవానికి 8 లక్షల 34 వేలు మిగులును. 30 సంవత్సరములకు పొడిగించినచో వాయిదా 20,116 రూపాయలకు దిగును. వడ్డీ 47 లక్షల 41 వేలకు ఎక్కును. నెలకు 2,377 రూపాయల సుఖమునకు వెల 18 లక్షల 43 వేలు! వడ్డీశాతములో పావువంతు తగ్గింపునకై నాలుగు బ్యాంకులు తిరుగువారు, గడువు విషయమున మాత్రము ఎదుటివారు వ్రాసిన సంఖ్యకే సంతకము చేయుచున్నారు. తనఖా వెల శాతములో కంటె ఏండ్లలో దాగియున్నది.

వడ్డీ అసలును మించుట తగునా యను ప్రశ్న మనదేశమునకు క్రొత్తదికాదు. ఒకేమారు పుచ్చుకొను వడ్డీ అసలునకు సమానమగువరకే సాగవలెనని ధర్మశాస్త్రకారులు విధించిరి. మన యడవి సరిహద్దునందే యీ నియమమునకు చట్టరూపము కలిగినది. ఖమ్మము నైజాము రాజ్యమున నున్న దినములలో భద్రాచలము తాలూకా మద్రాసు రాజధానిలో చేరియుండెను. 1879 నాటి రంప తిరుగుబాటు రేకపల్లివరకు వ్యాపించినది. మైదానపు వర్తకులు కొండవారిచేత పత్రములు వ్రాయించుకొని, వానిపై డిక్రీలు పొంది, వారి పశువులను సొత్తును జప్తుచేయించుట దాని కారణములలో నొకటి. తుదకు 1917లో మద్రాసు ప్రభుత్వము ఏజెన్సీ ప్రాంతముల వడ్డీని, భూమి బదిలీని గూర్చి చట్టము చేసినది. కొండజాతులవారిపై సాలుకు 24 శాతమునకు మించి వడ్డీ విధింపరాదనియు, చక్రవడ్డీ చెల్లదనియు, మొత్తము వడ్డీ అసలును మించరాదనియు అందు నిర్ణయింపబడెను.

నాటి వడ్డీవ్యాపారియు నేటి బ్యాంకును ఒకటియని మేము చెప్పుటలేదు. నెలనెలా చెల్లించు గృహఋణమునకు ఆ చట్టము వర్తింపదు కూడ. కాని అది మనకొక కొలబద్దను మిగిల్చినది: అప్పు తీరులోగా వడ్డీ అసలును దాటునా, దాటదా? 9 శాతముపై 15 ఏండ్ల ఋణము దాటదు. 20 ఏండ్లది దాటును. 30 ఏండ్లది రెట్టింపునకు చేరువగును. గృహస్థుడు సంతకమునకు ముందు ఈ యొక్క ప్రశ్న వేసికొన్నను చాలును.

వడ్డీ స్థిరముగా నుండు ననుకొనుటయు పొరపాటే. 2019 అక్టోబరు 1 నుండి బ్యాంకులు క్రొత్తగా నిచ్చు మాఱుడువడ్డీ గృహఋణములు రెపోరేటు వంటి బయటి కొలమానమునకు ముడిపెట్టబడినవి. 2020 మే మాసమున రెపోరేటు 4 శాతమునకు దిగినది. 2022 మే మాసమునుండి పెరిగి, 2023 ఫిబ్రవరినాటికి 6.5 శాతమైనది, 2025లో మరల తగ్గింపబడినది. 6.5 శాతపు వడ్డీతో 25 లక్షలను 20 ఏండ్లకు పుచ్చుకొన్నవాని వాయిదా 18,639 రూపాయలు. రెపో పెరిగినంతయు, అనగా రెండున్నర శాతము, అతనిపై పడి వడ్డీ 9 శాతమైనచో, క్రొత్తగా తెచ్చిన అప్పుపై నెలవడ్డీయే 18,750 రూపాయలు! వాయిదా మార్పకున్న యెడల అది వడ్డీకే చాలదు; అప్పు తీరుటకు బదులు పెరుగును. అసలు కొంత తీరియున్నవారి విషయమున వాయిదా నిలిచి, గడువు ఏండ్లకేండ్లు సాగును. ఋణదాతలు వాయిదాను కదలింపక గడువును సాగదీసినచో గృహస్థునికి ఆ నెల తేడా తెలియదు. ఉద్యోగ విరమణ సమీపించినపుడు తెలియును.

ఖమ్మమునుండి యడవి దారిన భద్రాచలము చేరుసరికి సమస్య రూపు మారును. భద్రాచలము, దుమ్ముగూడెము, చర్ల షెడ్యూల్డు ప్రాంతములు. 1959 నాటి భూమి బదిలీ నిబంధనలును, వానికి 1970లో జరిగిన సవరణయు అచటి భూమిని గిరిజనేతరులకు బదిలీచేయుటను నిషేధించుచున్నవి. ఇది కోయలకును, కొండరెడ్లకును నిలిచియున్న కంచుకోట. దానిని సడలింపవలెనని మేము ఎన్నడును కోరము. అయితే దాని యాచరణలో రెండు ఫలితములు కలవు. తెల్లకాగితముపై స్థలము కొనిన గిరిజనేతరునికి హక్కు లేదు గనుక బ్యాంకు ఋణమును లేదు. స్థలమునకు పూర్తి హక్కుగల గిరిజనునకును ఋణము సులభముగా దొరకుటలేదు. ఆమోదము పొందిన సంస్థలకు తనఖా పెట్టుటకు నిబంధనలలో వీలున్నను, వేలము వచ్చినచో గిరిజనులే కొనవలెను గనుక ఋణదాత వెనుకాడుచున్నాడు.

2024 మార్చి 11వ తేదీన ఇందిరమ్మ ఇండ్ల పథకము భద్రాచలముననే ప్రారంభింపబడినది. 5 లక్షల సాయము. తిరిగి చెల్లింప నక్కఱలేదు. మంచిదే. కాని యిల్లు ఆ మొత్తములో ముగియక మఱి 3 లక్షలు కావలసివచ్చినవాడు ఎచటికి పోవలెను? నూటికి నెలకు రెండు రూపాయల వడ్డీకి తెచ్చినచో నెలకు 6,000 రూపాయలు వడ్డీయే. నాలుగేండ్ల రెండు నెలలలో వడ్డీ అసలును అందుకొనును, అసలు చెక్కుచెదరదు. రెండు రూపాయల వడ్డీ యన సాలుకు 24 శాతము. 1917లో ఏది మేరయని చట్టము గీత గీసెనో, నేడు చేబదులు అచటినుండి యారంభమగుచున్నది. తనఖా ఋణము ఖరీదైనదని పట్టణవాసి వగచుచుండగా, అది దొరకకపోవుట యింకను ఖరీదైనదని ఏజెన్సీవాసి యనుభవించుచున్నాడు.

కావున గృహఋణమే తగదని మేము చెప్పము. రూపాయి విలువ ఏటేట తగ్గునుగదా, ఇరువదియేండ్ల తరువాతి వాయిదా తేలికయగును గదా యని కొందరందురు. జీతముతోపాటు కరవుభత్యము పెరుగు ఉద్యోగి విషయమున ఇది కొంత నిజము. మిరప, పత్తి ధరలను నమ్ముకొన్న రైతునకు అట్టి హామీ లేదు. ఆదాయపు పన్నులో మినహాయింపు కలదందురు. పాత పద్ధతిలో స్వంతముగా కాపురమున్న యింటి వడ్డీకి సాలుకు 2 లక్షలవరకు అది కలదు. క్రొత్త పద్ధతి నెంచుకొన్నవారికి లేదు. వ్యవసాయాదాయమునకు పన్నే లేని రైతునకు దానివలన లాభమేమి? పైగా ప్రకృతి మన వాయిదాలను పాటింపదు. 2022 జూలైలో గోదావరి భద్రాచలమువద్ద 71 అడుగులు దాటినది. 2024 సెప్టెంబరు 1న మున్నేరు ఖమ్మము పేటలను ముంచినది. ఇంట బురద నిండినను నెలవాయిదా ఆగదు. మూడు నెలలు తప్పినచో బాకీ మొండిపద్దు అగును. 2002 నాటి చట్టముక్రింద 60 దినముల నోటీసుపై, న్యాయస్థానపు డిక్రీ లేకయే, ఋణదాత యింటిని స్వాధీనపఱచుకొను చర్యకు పూనవచ్చును.

మరి కర్తవ్యమేమి? మొదటిది: 2024 అక్టోబరు 1 నుండి ఋణపు ముఖ్యాంశముల పత్రమును, ఋణగ్రహీతకు తెలిసిన భాషలో, సంతకమునకు ముందే ఈయవలెనని రిజర్వుబ్యాంకు ఆజ్ఞ. అందు రుసుములతో కలిసిన యథార్థపు వార్షిక వ్యయమును, వాయిదాల పట్టికయు నుండవలెను. దానిని తెలుగున అడిగి పుచ్చుకొనుడు. ఇంటివారందఱు కూర్చుండి చదువుడు. రెండవది: 2023 ఆగస్టు 18 నాటి ఆజ్ఞ ననుసరించి, వడ్డీ మారినపుడు వాయిదా పెంచుటయో, గడువు పొడిగించుటయో, రెండును కొంతకొంతయో ఎంచుకొను హక్కు గృహస్థునిది. చేతనైనంతవరకు వాయిదానే పెంచుకొనుడు. మూడవది: మాఱుడువడ్డీ గృహఋణమును ముందుగా తీర్చు వ్యక్తులపై బ్యాంకులు జరిమానా వేయరాదు. పంట చేతికి వచ్చినపుడో, సింగరేణి కార్మికునకు లాభములవాటా యందినపుడో, ఏటికొక వాయిదా అదనముగా అసలునకు కట్టినచో, పైన చెప్పిన 20 ఏండ్ల యప్పు దాదాపు మూడున్నరేండ్లు ముందుగా తీరును; అయిదున్నర లక్షలకు పైగా వడ్డీ మిగులును. నాలుగవది: అప్పు తీరిన 30 దినములలో దస్తావేజులు తిరిగి యీయవలెను, తన తప్పిదముచే జాగుచేసిన ఋణదాత దినమునకు 5,000 రూపాయలు చెల్లింపవలెనని 2023 డిసెంబరు 1 నుండి నియమము. ఈ హక్కును మఱవకుడు.

ప్రభుత్వము చేయదగినదియు కలదు. ఏజెన్సీలో హక్కుగల గిరిజనుని గృహఋణమునకు సమగ్ర గిరిజనాభివృద్ధి సంస్థ ద్వారమున పూచీ నిలిచి, వేలము వచ్చినచో భూమి గిరిజనుల చేతులు దాటకుండ తానే బాకీ తీర్చి, ఆ యింటిని మరియొక గిరిజన కుటుంబమున కిచ్చు పద్ధతి నేర్పఱచినచో చట్టమునకు భంగము కలుగదు. బ్యాంకునకు భయమును ఉండదు. పల్లెలకు నెలకొకమారైన బ్యాంకు ఉద్యోగి పోయి లెక్కలను తెలుగున విప్పి చెప్పవలెను.

1917లో అడవివారికి చట్టము గీచిన గీత నేటి పట్టణపు గృహస్థునికి లేదు. దానిని అతడే గీచుకొనవలసియున్నది. గడువు కాగితముపై సంఖ్య వ్రాయు కలము మన చేతిలోనే యున్నది. ఆ సంఖ్యను తగ్గించి వ్రాయుటకు ఎవరి యనుమతియు అక్కఱలేదు. తండ్రి తెచ్చిన యప్పు కుమారుని వాకిట నిలువకుండుటయే యిల్లు కట్టుటలోని సార్థక్యము.