రాజీనామా కన్నా హత్యే తేలికట!

2011లో వచ్చిన "హారిబుల్ బాసెస్" సినిమాని బూతు కామెడీ అని తీసిపారేస్తారు చాలామంది. బూతు ఉన్నమాట నిజమే. కానీ సేత్ గోర్డన్ తీసిన ఈ సినిమాలో నవ్వుల వెనక ఓ చేదు నిజం ఉందండీ.

ముగ్గురు స్నేహితులు, ముగ్గురు రాక్షస బాసులు. ప్రమోషన్ ఆశ చూపించి గొడ్డు చాకిరీ చేయించుకుని, చివరికి ఆ పోస్టు తనే కొట్టేసేవాడు కెవిన్ స్పేసీ. తండ్రి పోగానే కంపెనీని పిండి కొకైన్ పీల్చే కొడుకు కాలిన్ ఫారెల్. అసిస్టెంటుని లైంగికంగా వేధించే డెంటిస్టు జెన్నిఫర్ ఆనిస్టన్. ఆ వేధింపుని మిగతా ఇద్దరూ అదృష్టంలా చూడ్డం మాత్రం నాకు అస్సలు నచ్చలేదు.

మానేసి పోవచ్చుగా అంటారా? మానేస్తే ఇంకెక్కడా ఉద్యోగం దొరక్కుండా చేస్తానంటాడు స్పేసీ. పైగా 2008లో మునిగిన లేమన్ బ్రదర్స్‌లో వెలగబెట్టిన పాత మిత్రుడు బార్లో చేయి చాస్తూ కనిపిస్తాడు. దాంతో వీళ్ళకి హత్యే సులువనిపిస్తుంది!

ఇది చూసి మనవాళ్ళు ఉలిక్కిపడాలి. ఇక్కడ తొంభై రోజుల నోటీసు, రిలీవింగ్ లెటరు. అమెరికాలో హెచ్‌1బీ మీద ఉంటే, ఉద్యోగం పోయాక మహా అయితే 60 రోజుల గడువు. మంచి బాసు దొరకడం మన అదృష్టం. బయటికెళ్ళే దారి తెరిచుండటం మాత్రం మన హక్కు కావాలి. తాళం తన జేబులో ఉందని తెలిస్తే ఎంత మంచోడికైనా కొమ్ములొస్తాయి మరి!