బల్బులు మానండి, గడ్డలు నాటండి

"మేడ మీది కొంపల్లో సువాసన ఎక్కడిదండీ, సీసాలో కొనుక్కోవలసిందే" అని మొన్న ఒక మిత్రులు నిట్టూర్చారు. వారి వసారాలో నాలుగు కుండీలున్నాయి. నాలుగింటిలోనూ క్రోటన్లే. వాసన లేని మొక్కలను ఏరికోరి తెచ్చుకుని, ఆపైన వాసన లేదని వగచడాన్ని మా అలంకారశాస్త్రంలో ఏమంటారో నాకు గుర్తు రాలేదు.

ఇంకొక వర్గమున్నది. వీరికి సువాసన కావాలి గాని అది హాలెండు నుంచి రావాలి. అంతర్జాలపు అంగళ్ళలో హయసింతు బొమ్మ చూసి, "సుగంధం వెదజల్లే బల్బులు, మీ బాల్కనీలోనే" అన్న మాట నమ్మి డబ్బు పంపిస్తారు. ఒకప్పుడు నేనూ ఆ వర్గంలో చేరి చేయి కాల్చుకున్నవాణ్ణే కనుక, కాస్త గట్టిగానే మాట్లాడే హక్కు నాకున్నదనుకుంటాను. (బల్బులు వచ్చాయనగానే మా మనుమరాలు పైకప్పు వైపు చూసింది. తెలుగులో ఆ మాటకు అర్థమదే మరి. ఉల్లిగడ్డ, వెల్లుల్లిగడ్డ అని పలికే నోటికి పూలగడ్డ అనడం ఎందుకంత బరువో?)

హయసింతు తూర్పు మధ్యధరా ప్రాంతపు మొక్క. టర్కీ, సిరియా, లెబనాను దాని పుట్టిళ్ళు. దాని గడ్డ లోపల మొగ్గ తయారుగానే ఉంటుంది. అయితే పది పన్నెండు వారాలపాటు పది డిగ్రీలకు లోబడిన చలి తగిలితే గాని కాడ సాగి పైకి రాదు. మా రాజమహేంద్రవరంలో పుష్యమాసపు చలి దానికి ఏ మూలకు? అందుకని ఫ్రిజ్జులో పెట్టమన్నారు. పెట్టాను. పండ్ల దగ్గర పెట్టకూడదని మాత్రం ఎవరూ చెప్పలేదు. పండే పండ్లు విడిచే ఇథిలీను వాయువు లోపలి మొగ్గను చెరుస్తుందట. అది తరువాత తెలిసింది. అంతకంటె ముందు మా కోడలు వాటిని ఉల్లిపాయలనుకుని సాంబారుకు తరగబోయింది. అవి విషం! ఆ పూట దేవుడు మా పక్షాన ఉన్నాడు. చివరికి ఆరు గడ్డల్లో రెండు కుళ్ళాయి, మూడు ఆకులతో సరిపెట్టాయి, ఒక్కటి ఆకుల మధ్య కూలబడినట్టు నాలుగు రోజులు పూసింది. మరుసటి ఏడాది అదీ లేదు. మా గోదావరి కాలువల్లో ఎవరూ అడగకుండా పెరిగే హయసింతు గుర్రపుడెక్క ఒక్కటే. దానికీ దీనికీ ఇంగ్లీషు పేరులో తప్ప చుట్టరికం లేదు.

ఇంత ఆరాటం దేనికి? పక్కనే కడియం నర్సరీలుండగా, అక్కడ నేలసంపెంగ గడ్డలు దొరుకుతుండగా!

ఇక్కడ ఒక ఆక్షేపణ వస్తుంది, దాన్ని నేనే ముందు చెబుతాను. నేలసంపెంగ మాత్రం మనదా? కాదు. మెక్సికో నుంచి వచ్చింది. అక్కడి అజ్టెక్కులు దాన్ని తమ భాషలో ఎముకపువ్వు అని పిలుచుకున్నారు. మన కిత్తనారకు దగ్గరి బంధువు. రజనీగంధ అన్న సంస్కృతనామం చూసి మోసపోయి, అది వేదకాలపు పుష్పమని సభలో ఉపన్యసించిన పండితుణ్ణి నేనెరుగుదును. నన్నయ, తిక్కన, పోతన దాని వాసన చూసి ఎరుగరు. కాబట్టి నా వాదం స్వదేశీ వాదం కాదు. మెక్సికో గడ్డ మన ఎండకు ఓర్చింది, మధ్యధరా గడ్డ ఓర్వలేదు. నా వాదమంతా ఇంతే.

ఇక పేరు. బజారులో అందరూ లిల్లీ అంటున్నారు. అది లిల్లీ కాదు. ఇంగ్లీషువారేమైనా మేలా అంటే, ట్యూబ్ రోజ్ అని విరిచి పలికేవారు వారిలోనూ ఉన్నారు. అసలు అందులో గొట్టమూ లేదు, గులాబీ లేదు. దుంపలు గలది అని అర్థమిచ్చే ట్యూబెరోసా అన్న లాటిను మాట అది. వారిది తప్పు పదవిభాగం. మనకో, చంపకానికి వికృతి సంపెంగ, దానికి ముందు నేల చేర్చి ఎవరో నోరారా చేసిన సమాసం సిద్ధంగా ఉన్నది. దాన్ని వదిలి లిల్లీ అంటామా?

"అది పెళ్ళిపందిళ్ళ పువ్వండీ, దండలకు తప్ప ఇంట్లో ఎవరు పెంచుతారు" అనేవారూ ఉన్నారు. దండలో మీరు చూసేది తెల్లవారుజామున కోసి, మూటగట్టి, బస్సెక్కించిన మొగ్గ. కాడ మీద, కింది నుంచి పైకి వరుసగా, సంధ్యవేళ విచ్చుకునే పువ్వును వీరు వాసన చూడలేదు. అది రాత్రి తిరిగే చిమ్మెటలను పిలిచే పువ్వు. అందుకే తెలుపు, అందుకే చీకటి పడ్డాక ఘాటు.

అడుగు వెడల్పు కుండీ చాలు. ఎర్రమట్టి, ఇసుక, బాగా మాగిన పశువుల ఎరువు కలిపి, గుప్పెడు వేపపిండి వేయండి. వేళ్ళలో బుడిపెలు కట్టించే నులిపురుగు దీనికి పెద్ద శత్రువు. గడ్డ కనీసం ఉసిరికాయంత ఉండాలి, చిన్నవి ఆ ఏడాది ఆకులతోనే ఊరిస్తాయి. రెండంగుళాల లోతున, మాఘ ఫాల్గుణాల్లో నాటితే మూడు నాలుగు నెలలకు కాడ వేస్తుంది. ఆరు గంటల ఎండ తగలాలి. నీరు నిలిస్తే గడ్డ కుళ్ళుతుంది. వాసన కావాలంటే రేకపువ్వే తెచ్చుకోండి. ముద్దపువ్వు చూపుకు ఘనం, వాసనకు అంత కాదు. బెంగళూరు ఉద్యాన పరిశోధన సంస్థవారి శృంగార్, ప్రజ్వల్ రేకరకాలే.

ఒక్క సంగతి మరువకండి. పూసిన గడ్డ మళ్ళీ పూయదు. దాని చుట్టూ పుట్టిన పిల్లగడ్డలు పూస్తాయి. ఇది తెలియకనే పదేళ్ళ కిందట నేనొక అపరాధం చేశాను. మా ఇంటావిడ పుట్టింటి నుంచి తెచ్చుకున్న గడ్డల కుండీ పూయడం మానేసింది. చచ్చిందనుకుని ఆమె ఊళ్ళో లేని రోజున చెత్తబండిలో వేయించాను. నిజానికి అది చావలేదు, కిక్కిరిసింది. రెండు మూడేళ్ళకొకసారి తవ్వి, విడదీసి నాటాలి. ఆమె వచ్చి కుండీ ఉన్న చోటు చూసి, "ముప్పై ఏళ్ళు పిల్లలకు పాఠం చెప్పారు గాని, పిల్లగడ్డలు మీ కంటికి ఆనలేదు" అన్నది. అంతే. తరువాత నేను కడియం వెళ్ళి కొత్త గడ్డలు తెచ్చాను. అవి బాగానే పూస్తున్నాయి. ఆమె మాత్రం "పూశాయి" అంటుందే గాని "నావి" అనదు.

ఈ మాఘంలో కుండీలు విడదీస్తున్నాను. పిల్లగడ్డలు శేరుకు పైగా మిగులుతాయి. కావలసినవారు సంచీ తెచ్చుకోండి. గుమ్మంలో లిల్లీ అన్నవారికి ఇవ్వను.