అతనికి చూపని నివేదిక

జిల్లా కార్యాలయంలో ఇరవై ఏళ్లుగా పనిచేస్తున్న గుమాస్తా ఒకడున్నాడనుకుందాం. నగదు పుస్తకంలో తేడా వచ్చింది. అతన్ని సస్పెండు చేశారు. అభియోగ పత్రం అందింది, సంజాయిషీ ఇచ్చుకున్నాడు. విచారణాధికారి సాక్షులను పిలిపించాడు, అతడు చెప్పుకున్నదీ నమోదు చేశాడు. ఆపైన నెలలు గడిచాయి. ఒకనాడు రిజిస్టరు తపాలాలో ఉత్తర్వు వచ్చింది: అభియోగం రుజువైనందున ఉద్యోగం నుంచి బర్తరఫ్ చేయడమైనది.

విచారణాధికారి ఏ సాక్షిని నమ్మాడు? ఏ కాగితాన్ని తోసిపుచ్చాడు? ఏ కారణం చేత తప్పు ఇతనిదేనని తేల్చాడు? అదంతా నివేదికలో ఉంది. నివేదిక పైఅధికారి బల్లమీద ఉంది. దానిని చూడనివాడు ఒక్కడే, అది ఎవరిని గురించి రాశారో అతడు.

ఇది న్యాయమా అన్న ప్రశ్నకు మన దేశంలో తుది సమాధానం దొరకడానికి నాలుగు దశాబ్దాలకు పైగా పట్టింది.

1950లో అమలులోకి వచ్చిన రాజ్యాంగం 311వ అధికరణలో ప్రభుత్వోద్యోగికి రెండు రక్షణలు కల్పించింది. నియమించిన అధికారికన్న తక్కువ స్థాయివాడు అతన్ని తొలగించరాదు. తన వాదన చెప్పుకొనే సముచితమైన అవకాశం ఇవ్వకుండా ఎవరూ తొలగించరాదు. ‘సముచితమైన అవకాశం’ అంటే ఏమిటో సుప్రీంకోర్టు ఖేంచంద్ కేసులో (1958) విడమరచి చెప్పింది. అభియోగమేమిటో ఉద్యోగికి తెలియాలి. సాక్షులను ప్రశ్నించి, తన సాక్ష్యం తాను ఇచ్చుకొనే వీలుండాలి. తప్పు రుజువైన తర్వాత, ప్రతిపాదించిన శిక్ష ఎందుకు తగదో చెప్పుకొనే మరో అవకాశమూ ఉండాలి.

ఈ మూడవ మెట్టు దగ్గరే నివేదిక ఉద్యోగి చేతికి వచ్చేది. శిక్షను గురించి ఇచ్చే రెండవ నోటీసుతోపాటు దాని ప్రతిని జతపరిచేవారు. అయితే 42వ రాజ్యాంగ సవరణ ఆ రెండవ నోటీసును తొలగించింది. 1977 జనవరి 3 నుంచి అది అమలులోకి వచ్చింది. క్రమశిక్షణ చర్యలు ఏళ్ల తరబడి సాగకుండా చూడడమే దాని ఉద్దేశం. కాని నోటీసు పోవడంతో, నివేదిక ఇవ్వవలసిన పని కూడా లేదని అనేక కార్యాలయాలు భావించాయి. హైకోర్టులు తలొక తీరున తీర్పులు చెప్పాయి.

ఇక్కడ ఒక సూక్ష్మం గమనించాలి. శిక్ష విధించే అధికారి సాధారణంగా సాక్షులను కళ్లారా చూసి ఉండడు. వారి మాట తడబడిందో లేదో ఎరుగడు. విచారణ గదిలో జరిగినదంతా అతనికి ప్రధానంగా నివేదిక ద్వారానే తెలుస్తుంది. ఆ నివేదికలో ఒక తేదీ తప్పు పడినా, ఒక రశీదును మరచినా, ఆ పొరపాటును ఎత్తిచూపగలవాడు ఎవరు? ఆ రశీదు తన చేతితో రాసిన ఉద్యోగే. అతనికి నివేదిక చూపకపోతే పొరపాటు పొరపాటుగానే ఉత్తర్వులోకి ఎక్కుతుంది.

సుప్రీంకోర్టు ఈ తర్కాన్నే అంగీకరించింది. 1990 నవంబరు 20న మహమ్మద్ రంజాన్ ఖాన్ కేసులో, నివేదిక ప్రతిని పొందడం ఉద్యోగి హక్కని ప్రకటించింది. 1993లో అయిదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం దానిని స్థిరపరిచింది. ఆ వ్యాజ్యం హైదరాబాదులోని ఎలక్ట్రానిక్స్ కార్పొరేషన్ ఆఫ్ ఇండియాకూ, బి. కరుణాకర్‌కూ నడుమ సాగినది. శిక్ష సంగతి వేరు, నేరం రుజువైనదా లేదా అన్నది వేరు. రెండవ నోటీసు పోయినా, నేర నిర్ణయాన్ని ప్రశ్నించే హక్కు పోలేదని ధర్మాసనం తేల్చింది. ఈ సూత్రం ప్రభుత్వ కార్యాలయాలకే కాక, ప్రైవేటు సంస్థలకు కూడా వర్తిస్తుందన్నది. ఇప్పుడు కేంద్రోద్యోగుల నిబంధనలలోనే నివేదిక ప్రతి ఇచ్చి, జవాబుకు పదిహేను రోజుల గడువు ఇవ్వాలని ఉంది.

అలాగని ఈ హక్కు దోషికి కవచం కాదు. నివేదిక అందలేదన్నంత మాత్రాన ఉద్యోగం దానంతటదే తిరిగి రాదు. అది అందకపోవడం వల్ల నిజంగా నష్టం కలిగిందా అని న్యాయస్థానం పరిశీలిస్తుంది. నష్టం జరిగిందని తేలినా, విచారణను ఆగిన చోటినుంచి మళ్లీ కొనసాగించే వీలు యాజమాన్యానికి ఉంటుంది. విచారణ అవసరమే లేని సందర్భాలనూ రాజ్యాంగం పేర్కొన్నది: క్రిమినల్ కేసులో శిక్ష పడడానికి కారణమైన ప్రవర్తన, విచారణ జరపడం సాధ్యం కాని పరిస్థితి, రాజ్య భద్రత. తులసీరామ్ పటేల్ కేసులో (1985) సుప్రీంకోర్టు వాటిని సమర్థించింది. అయితే విచారణ సాధ్యం కాదనుకున్న అధికారి అందుకు కారణాన్ని కాగితం మీద పెట్టక తప్పదు.

లంచగొండిని సాగనంపడానికి ఇన్ని తతంగాలా అని విసుక్కునేవారు లేకపోలేదు. నిజానికి ఈ తతంగాన్ని ఎగవేయడం లంచగొండికే మేలు చేస్తుంది. హడావుడిగా ముగించిన విచారణ కోర్టులో నిలవదు. నేరం చేసినవాడు బాకీ జీతంతో సహా అదే కుర్చీలోకి తిరిగి రావచ్చు. నిర్దోషి అయితే, గెలిచేలోపు పిల్లల చదువులు, ఆడపిల్ల పెళ్లి, ఇంటి అప్పు అన్నీ దాటిపోయి ఉంటాయి. సస్పెన్షన్‌లో మొదటి మూడు నెలలు అతనికి అందేది సుమారు సగం జీతం. బర్తరఫ్ అయితే గత సేవ అంతా రద్దయి, పింఛను కూడా పోతుంది.

అందుచేత క్రమశిక్షణ చర్యను ఎదుర్కొంటున్న ఉద్యోగి విచారణ ముగియగానే నివేదిక ప్రతిని లిఖితపూర్వకంగా అడగాలి. అందిన తేదీ వేసుకోవాలి. గడువులోగా పేరా వారీగా జవాబివ్వాలి. సంతకం చేయబోయే అధికారి కూడా ఒక్క క్షణం ఆగి, ఆ జవాబు ఫైలులో ఉన్నదో లేదో చూసుకోవాలి. ఆ పదిహేను రోజుల ఆలస్యం వల్ల ప్రభుత్వానికి కలిగే నష్టం స్వల్పం. ఆ గుమాస్తా ఇరవై ఏళ్ల సేవ ఆ పదిహేను రోజుల మీదనే ఆధారపడి ఉండవచ్చు.